బ్లడ్ క్యాన్సర్ అన్నది ఇంటిపేరు, అసలు పేరు కనుక్కోండి

గుణుపూర్ నుంచి మీరు రాసింది రెండుసార్లు చదివాను. మీ అక్క కొడుక్కి తొమ్మిదేళ్ళు. మూడు వారాలుగా విడవని జ్వరం, కాళ్ళ నొప్పులతో రాత్రిళ్ళు ఏడుపు. మలేరియా కిట్టు రెండుసార్లూ నెగిటివ్. హిమోగ్లోబిన్ 6.1, తెల్లకణాలు 38 వేలు, ప్లేట్‌లెట్లు 22 వేలు. స్లైడులో బ్లాస్టులు, అంటే ముదరని రక్తకణాలు, కనిపించాయని రాసి, బ్లడ్ క్యాన్సర్ అన్నారు. మీ పెదనాన్నగారు ఇదే పేరున్న జబ్బుతో మూడు నెలల్లో పోయారు. మీ వీధిలో ఇంకొకాయన ఇదే పేరు చెప్పుకుంటూ, రోజూ మాత్ర వేసుకుని పన్నెండేళ్ళుగా దుకాణం నడుపుకుంటున్నారు. ఒకే జబ్బు ఇద్దరి విషయంలో ఇంత తేడాగా ఎలా ఉంటుంది, పిల్లాణ్ణి ఎక్కడికి తీసుకెళ్ళాలి, ఈలోగా వాళ్ళ అమ్మమ్మ పట్టిస్తానంటున్న పసరు పట్టించొచ్చా అని అడిగారు.

ముందు తొందరగా చెప్పాల్సింది చెప్తాను. రేపే బయలుదేరండి. పసరు వద్దు. ప్లేట్‌లెట్లు 22 వేలున్న పిల్లాడికి కడుపులో ఏదైనా రేగి రక్తం పడితే ఆపడం కష్టం. తుంటికి ఇంజెక్షన్ చేయించకండి. ఆస్పిరిన్, బ్రూఫెన్ లాంటి నొప్పిమాత్రలు ఇవ్వకండి. సైకిలు ఎక్కనివ్వకండి. పడుకుంటే దగ్గు ఎక్కువవడం, ఆయాసం, ముఖం ఉబ్బడం కనిపిస్తే రేపటిదాకా కూడా ఆగొద్దు. ఛాతీ లోపల గడ్డ పెరిగి ఊపిరి గొట్టాన్ని నొక్కే రకం ఒకటుంది.

ఇంకో సంగతి. జ్వరం తగ్గుతుందని ఎవరైనా స్టెరాయిడ్ మాత్రలో, డెక్సా ఇంజెక్షనో రాస్తే వద్దనండి. అదో చిత్రమైన మందు. ఈ జబ్బుకి చేసే అసలు చికిత్సలో అదీ ఒక భాగమే. కానీ పరీక్షకి ముందే ఇస్తే బ్లాస్టులు కొన్నాళ్ళు మాయమై, మూలుగ పరీక్షలో జబ్బు పేరు తేలకుండా పోతుంది. పిల్లాడు లేచి ఆడుకుంటాడు, ఇంట్లో అందరూ ఊపిరి పీల్చుకుంటారు, కొన్ని వారాలకి జబ్బు మొండికెక్కి తిరిగొస్తుంది. పైగా కణాలన్నీ ఒక్కసారిగా చచ్చి యూరిక్ యాసిడ్ పెరిగితే కిడ్నీలు దెబ్బతింటాయి. ఆస్పత్రిలో అయితే సెలైన్ పెట్టి, అల్లోప్యూరినాల్ ఇచ్చి కాచుకుని ఉంటారు. ఇంట్లో ఎవరు కాస్తారు?

నేను పర్లాకిమిడిలో ఇరవై ఎనిమిదేళ్ళు పాథాలజిస్టుగా చేశాను. మందు రాసే డాక్టర్ని కాను, రక్తం చూసే డాక్టర్ని. మన వైపు స్లైడు చూసేది ఎక్కువగా మలేరియా కోసం. ఆ వెతుకులాటలోనే పక్కన పెద్ద పెద్ద ముదరని కణాలు కంటపడి, కుర్చీలోంచి లేచి ఆ పిల్లల తండ్రులతో మాట్లాడాల్సి వచ్చిన రోజులు చాలా ఉన్నాయి. ఒకసారి నేనూ తప్పాను. చిన్న ల్యాబుల్లో ఉండే రక్తకణాల మిషన్‌కి బ్లాస్టు అంటే తెలియదు. దాన్ని తీసుకెళ్ళి లింఫోసైట్ల లెక్కలో కలిపేస్తుంది. ఓ పాపకి "లింఫోసైట్లు 88 శాతం" అని మిషన్ ఇచ్చిన కాగితం మీద, ఆ రోజు రద్దీలో స్లైడు చూడకుండా సంతకం చేశాను. వైరల్ జ్వరమనుకుని పంపేశారు. మూడు వారాలకి తిరిగొచ్చింది. అప్పటినుంచి మిషన్ కాగితం మీద నాకు నమ్మకం సగమే. మీకు స్లైడు చూసి రాసినవాళ్ళెవరో గానీ మేలు చేశారు.

ఇక ఇద్దరికీ ఒకే పేరు ఎలా వచ్చిందన్న సంగతి. రక్తం పుట్టేది ఎముకల లోపలి మూలుగలో. దాన్నొక నారుమడి అనుకోండి. ఎర్రకణాలు, తెల్లకణాలు, ప్లేట్‌లెట్లు మూడూ అక్కడే మొలకెత్తి, ముదిరాకే రక్తంలోకి వస్తాయి. ఒక్క కణంలో జన్యువు చెడి, అది ముదరడం మానేసి పిలకలు వేస్తూ పోతే కొన్నాళ్ళకి మడంతా అదే కలుపు. ఆ ముదరని కణమే బ్లాస్టు. ఎర్రకణాలకి చోటు లేకపోతే మనిషి పాలిపోతాడు, నాలుగు మెట్లెక్కితే ఆయాసం. ప్లేట్‌లెట్లకి చోటు లేకపోతే చిగుళ్ళ నుంచి రక్తం, దెబ్బ తగలకుండానే కమిలిన మచ్చలు, పిక్కల మీద ఆవగింజలంత ఎర్రచుక్కలు. పనికొచ్చే తెల్లకణాలకి చోటు లేకపోతే విడవని జ్వరం. 38 వేలున్నాయి కదా అనుకోవద్దు, అందులో కాపలా కాసేవి కొన్నే. మూలుగ కిక్కిరిస్తే ఎముక నొప్పి పెడుతుంది. మీవాడు రాత్రిళ్ళు కాళ్ళు పట్టుకుని ఏడ్చేది బహుశా అందుకే.

కలుపు ఏ మొలక నుంచి వచ్చింది, ఎంత వేగంగా పెరుగుతోంది అన్న రెండు ప్రశ్నలకి జవాబు దొరికితే జబ్బు అసలు పేరు దొరికినట్టే. వేగంగా పెరిగేది అక్యూట్, నెమ్మదిగా సాగేది క్రానిక్. మొలకల్లో లింఫాయిడ్ ఒక వంశం, మైలాయిడ్ ఇంకో వంశం. అలా ల్యుకేమియాలు ప్రధానంగా నాలుగు. జబ్బు మూలుగలో కాకుండా మెడ, చంక, గజ్జల్లోని గ్రంథుల్లో మొదలైతే లింఫోమా. యాంటీబాడీలు తయారుచేసే ప్లాస్మా కణాలు చెడితే మైలోమా. జనం వీటన్నిటినీ కలిపి బ్లడ్ క్యాన్సర్ అనేస్తారు. అది ఇంటిపేరు మాత్రమే. ఒకే ఇంటిపేరున్న వాళ్ళంతా ఒకేలా ఉంటారా?

మీ పెదనాన్నగారి కాగితాలు నేను చూడలేదు. పెద్ద వయసులో మూడు నెలల్లో అయిపోయిందంటే అది అక్యూట్ మైలాయిడ్ కావచ్చు. అందులో ఏడు రోజులు సైటరబిన్, మూడు రోజులు డానోరూబిసిన్ ఎక్కించి దాదాపు నెల ఆస్పత్రిలోనే ఉంచాలి. చాలామందికి ఆపైన మూలకణాల మార్పిడి కావాలి. వయసు మళ్ళినవాళ్ళ ఒళ్ళు అంత తట్టుకోదని ఇప్పుడు అజాసైటిడిన్ ఇంజెక్షన్లు, వెనెటోక్లాక్స్ మాత్రలు ఇస్తున్నారు. ఇదే వంశంలో ప్రోమైలోసైటిక్ అనే ఒక రకం ఉంది. మొదటి రోజుల్లో రక్తస్రావంతో ప్రాణం తీసేంత ప్రమాదం, కానీ ఆ రోజులు గట్టెక్కితే ఎక్కువమందికి పూర్తిగా నయమవుతుంది. దాని మందు విటమిన్ ఏ జాతి మాత్ర, దానితోపాటు ఆర్సెనిక్. అవును, మనవాళ్ళు పాషాణం అనేదే. అలాగని పాషాణం పొడి అమ్మేవాడి దగ్గరికి పరిగెత్తకండి, ఆస్పత్రిలో మిల్లీగ్రాముల్లో తూచి, గుండె ఈసీజీ చూసుకుంటూ ఎక్కించేది అది.

మీ వీధిలో దుకాణం ఆయనది దాదాపుగా క్రానిక్ మైలాయిడ్. ఇందులో తొమ్మిదో క్రోమోజోమ్ ముక్క, ఇరవై రెండో క్రోమోజోమ్ ముక్క చోట్లు మార్చుకుంటాయి. ఆ చెడ్డ క్రోమోజోమ్‌ని 1960లో ఫిలడెల్ఫియాలో కనిపెట్టారు, అందుకే ఆ ఊరి పేరే పెట్టారు. దానివల్ల తయారయ్యే చెడ్డ ప్రోటీన్‌ని గురిచూసి కొట్టే ఇమాటినిబ్ మాత్ర 2001లో వచ్చింది. మన దేశంలో దాని పేటెంట్ గొడవ సుప్రీంకోర్టు దాకా వెళ్ళి 2013 ఏప్రిల్ 1న కంపెనీ ఓడిపోయింది. చవక మాత్రలు దొరకడం కొనసాగింది. ఈ జబ్బుకి మన దగ్గర ఓ చిక్కుంది. కడుపులో బల్ల, అంటే ప్లీహం, బాగా పెరుగుతుంది, మలేరియా ఊళ్ళలో బల్ల ఉంటే ఎవరికీ అనుమానం రాదు. తెల్లకణాలు రెండు లక్షలు దాటిన ఒక రైతు అంతకుముందు రెండేళ్ళు మలేరియా మాత్రలే మింగాడు. మీ దుకాణం ఆయనకి ఒక్క మాట చెప్పండి, బాగున్నాను కదా అని మాత్ర మానొద్దని, డాక్టర్ చెప్పిన గడువుకల్లా జబ్బు ఎంత మిగిలిందో చూసే బీసీఆర్-ఏబీఎల్ పరీక్ష చేయించుకోమని.

క్రానిక్ లింఫాయిడ్ అరవై దాటినవాళ్ళ జబ్బు, మన దగ్గర తక్కువ. వేరే పనికి రక్తం ఇస్తే బయటపడుతుంది, చాలాసార్లు మందే మొదలుపెట్టరు, గమనిస్తూ ఉంటారు. అదీ క్యాన్సరే.

మీ పిల్లాడి వయసుకి, ఈ లెక్కలకి ఎక్కువగా వచ్చేది అక్యూట్ లింఫాయిడ్. పిల్లల క్యాన్సర్లన్నిటిలో ఇదే ఎక్కువ, బాగా నయమయ్యే వాటిలోనూ ఇది ముందుంటుంది. మంచి కేంద్రాల్లో నూటికి 85, 90 మంది పిల్లలు బతికి బయటపడుతున్న జబ్బు ఇది. వయసు పదేళ్ళ లోపు, తెల్లకణాలు 50 వేల లోపు అన్న రెండు గీతలకీ మీవాడు లోపలే ఉన్నాడు, అది మంచి సూచన. కానీ తేల్చేది తుంటి ఎముక వెనక నుంచి తీసే మూలుగ పరీక్షే. బ్లాస్టులు 20 శాతం దాటాయా అన్నది అందులో తెలుస్తుంది, అవి ఏ వంశానివో ఫ్లో సైటోమెట్రీ అనే పరీక్ష చెప్తుంది, క్రోమోజోముల పరీక్ష మిగతా జాతకం చెప్తుంది. మత్తో, తిమ్మిరి ఇంజెక్షనో ఇచ్చి తీస్తారు, వెన్నెముక జోలికి వెళ్ళరు, కాలు పడిపోతుందన్నది వట్టి పుకారు.

మొదటి నాలుగైదు వారాలు గట్టి చికిత్స. స్టెరాయిడ్, విన్‌క్రిస్టిన్, ఆస్పరాజినేజ్, జబ్బు తీరునిబట్టి ఇంకొకటి. కలుపు మెదడులో దాక్కోకుండా నడుం దగ్గర సూదితో మెథోట్రెక్సేట్. ఆ తర్వాత కొన్ని నెలలు విడతలుగా, ఆపైన రోజూ మాత్రలు, వారానికోసారి మళ్ళీ మెథోట్రెక్సేట్ మాత్రలు. మొత్తం రెండు నుంచి మూడేళ్ళు. తొలి నెల చివర బ్లాస్టులు కనిపించకుండా పోతాయి, జుట్టు మళ్ళీ మొలుస్తుంది, బడికి వెళ్తాడు. మన వైపు పిల్లల్ని పోగొట్టుకునేది అప్పుడే. నయమైపోయింది కదా, పొలం పనులున్నాయి కదా అని మానేస్తారు. కంటికి కనపడని విత్తు లోపల ఉండిపోతుంది. రెండోసారి మొలిస్తే మొదటిసారి మందులకి అంత తేలిగ్గా లొంగదు. ఇంటిల్లిపాదికీ ఇప్పుడే చెప్పి ఉంచండి, ఇది మూడేళ్ళ పని.

అమ్మమ్మగారికి ఈ సంగతి చెప్పండి. విన్‌క్రిస్టిన్ వచ్చింది మన పెరట్లో పూసే బిళ్ళగన్నేరు మొక్క నుంచే. బోలెడంత ఆకు నుంచి చిటికెడు మందు తీసి, బిందువులు లెక్కపెట్టి నరంలోకి ఇస్తారు. ఆకు నూరి తాగిస్తే మందు అందదు, విషం మాత్రం అందుతుంది. చెట్టుమందు మీద ఆవిడ నమ్మకాన్ని తీసిపారేయక్కర్లేదు, ఆ చెట్టే ఆస్పత్రిలో సీసాలో ఉందని చెప్తే చాలామంది పెద్దవాళ్ళు ఒప్పుకోవడం చూశాను. మెథోట్రెక్సేట్ కథ ఇంకా దగ్గరిది. భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు అమెరికాలో లెడర్లే ప్రయోగశాలలో తన బృందంతో కలిసి దానికి ముందుతరం మందుని తయారుచేసిచ్చారు. దాన్ని సిడ్నీ ఫార్బర్ అనే డాక్టర్ బోస్టన్‌లో ల్యుకేమియా పిల్లలకి ఇచ్చి, 16 మందిలో 10 మందికి కొన్నాళ్ళయినా జబ్బు వెనక్కి తగ్గిందని 1948లో రాశారు. అంతకుముందు ఈ జబ్బుకి వైద్యమే లేదు. అదే ఏడాది సుబ్బారావు పోయారు.

మన జిల్లాల్లో అనుమానం పొరపాటు దారి పట్టే చోట్లు ఇంకా ఉన్నాయి. కోరాపుట్, రాయగడ వైపు ఎర్రకణాలు కొడవలిలా వంగిపోయే సికిల్ సెల్ జబ్బు ఉంది, అందులోనూ పాలిపోవడం, ఎముక నొప్పులు ఉంటాయి. కానీ ప్లేట్‌లెట్లు సాధారణంగా ఇంత పడవు, స్లైడులో బ్లాస్టులు రావు. డెంగీలో, మలేరియాలో ప్లేట్‌లెట్లు పడతాయి, వారం పది రోజుల్లో వాటంతటవే లేస్తాయి. లేవకపోతే స్లైడు చూడమని అడగాలి. ఉల్టా పొరపాటూ ఉంది. బీ12 లోపంతో మూడు రకాల కణాలూ పడిపోయిన వాళ్ళని బ్లడ్ క్యాన్సరని భయపెట్టి పంపిస్తే, ఇంజెక్షన్లతో నెలలో కోలుకున్నవాళ్ళున్నారు. కేవలం మిషన్ అంకెలు చూసి ఎవరూ ఏడవొద్దనేది అందుకే.

మెడలో నొప్పిలేని బిళ్ళలు, సాయంత్రం జ్వరం, రాత్రి చెమటలకి దుప్పటి తడవడం, బరువు తగ్గడం కనిపిస్తే మనవాళ్ళు టీబీ మందు మొదలుపెడతారు. టీబీయే ఎక్కువ, నిజమే. కానీ రెండు నెలలు వాడినా బిళ్ళ తగ్గకపోతే సూదితో గుచ్చి చూసే పరీక్షతో సరిపెట్టుకోకుండా బిళ్ళ మొత్తం తీసి బయాప్సీ చేయించాలి. హాడ్జ్‌కిన్ లింఫోమా అయితే నూటికి ఎనభై మందికి పైగా నయమవుతుంది. తక్కిన లింఫోమాల్లో ఎక్కువ రకాలకి వాడే రిటుక్సిమాబ్‌ని 2007 నుంచి హైదరాబాద్ కంపెనీ కూడా తక్కువ ధరకి తయారుచేస్తోంది.

ఇచ్ఛాపురం, కవిటి, సోంపేటల్లో మీకు చుట్టాలుంటే వాళ్ళ కోసం ఇంకొకటి. అక్కడ క్రియాటినిన్ పెరిగితే ఆ ప్రాంతంలో ఎక్కువగా ఉన్న "ఉద్దానం కిడ్నీ" జబ్బే అనేసి ఊరుకుంటారు. యాభై దాటిన మనిషికి కిడ్నీతోపాటు విడవని నడుం నొప్పి, రక్తహీనత కూడా ఉంటే రక్తంలో ప్రోటీన్లని విడదీసి చూసే ప్రోటీన్ ఎలక్ట్రోఫోరెసిస్ ఒక్కసారి చేయించాలి. మైలోమా సరిగ్గా అలాగే వస్తుంది. ఎముక గుల్లబారి చిన్న జారుకే విరుగుతుంది. నడుం నొప్పికి వేసుకునే డైక్లోఫెనాక్ మిగిలిన కిడ్నీని కూడా తినేస్తుంది. పూర్తిగా పోయే జబ్బు కాదు, కానీ బోర్టెజోమిబ్, లెనలిడోమైడ్ లాంటి వాటితో ఏళ్ళ తరబడి అదుపులో ఉంటుంది.

మీవాడి జబ్బు అంటుకోదు. పిల్లాడి చెల్లెల్ని వేరే గదిలో పడుకోబెట్టక్కర్లేదు. మీ పెదనాన్నగారి నుంచి దిగివచ్చిందీ కాదు. రేడియేషన్, బెంజీన్, పాత కీమోథెరపీ లాంటి కొన్ని కారణాలు తెలుసు, డౌన్ సిండ్రోమ్ పిల్లలకి కొంత ఎక్కువ వస్తుంది. తక్కిన ఎక్కువమందిలో వేలుపెట్టి చూపించే కారణం దొరకదు. మీ అక్క పెట్టిన తిండి మీద ఎవరైనా మాట తూలితే గట్టిగా నోరు మూయించండి, అది మీ పని.

ఎక్కడికన్నారు. మీకు దగ్గర దారులు రెండు, బరంపురం ఎంకేసీజీ మెడికల్ కాలేజీ ఆస్పత్రి లేదా విశాఖ. విశాఖలో అగనంపూడి దగ్గర టాటా మెమోరియల్ వాళ్ళ హోమీ భాభా క్యాన్సర్ ఆస్పత్రి ఉంది. పొద్దున్నే ఫోన్ చేసి పిల్లల ల్యుకేమియా కేసు, ప్లేట్‌లెట్లు 22 వేలు అని చెప్పి బయలుదేరండి. అక్కడ చోటు లేకపోతే కటక్‌లో ఆచార్య హరిహర క్యాన్సర్ ఆస్పత్రి, ఎస్సీబీ మెడికల్ కాలేజీ ఆస్పత్రి ఉన్నాయి, భువనేశ్వర్ ఎయిమ్స్ ఉంది. నాకైతే భాష తెలిసిన ఊరే మంచిదనిపిస్తుంది, మూడేళ్ళలో ఎన్నోసార్లు మీ అక్క ఒక్కతే నర్సుతో మాట్లాడాల్సి వస్తుంది. గుణుపూర్ పాసింజరులో జనం తోపులాట, ఈ ఒక్కసారికి కారు మాట్లాడుకోండి. తర్వాత్తర్వాత రైలు వాడుకోవచ్చు. చికిత్సకి వెళ్ళే క్యాన్సర్ రోగికి స్లీపర్‌లో, థర్డ్ ఏసీలో టికెట్ పూర్తిగా ఉచితం, తోడు వెళ్ళేవాళ్ళకి 75 శాతం రాయితీ. ఆస్పత్రి వాళ్ళు ఫారం మీద సంతకం చేసిస్తారు.

కార్డు విషయంలో మన సరిహద్దు వాళ్ళు ఒక తప్పు చేస్తారు. పాతపట్నంలో చుట్టాల రేషన్ కార్డులో పిల్లాడి పేరు ఎక్కించి ఆంధ్ర పథకంలో చేయించొచ్చని ఎవరో ఒకరు సలహా ఇస్తారు. ఆధార్‌లో ఒడిశా చిరునామా ఉంటుంది, మధ్యలో పేరు కలవక చికిత్స ఆగిపోతుంది. మీ ఒడిశా కార్డే వాడండి. 2025 నుంచి ఒడిశాలోనూ ఆయుష్మాన్ ఉంది, ఏడాదికి కుటుంబానికి 5 లక్షలు, రాష్ట్రం దాటినా జాబితాలో ఉన్న ఆస్పత్రుల్లో చెల్లుతుంది. ఆ ఆస్పత్రి జాబితాలో ఉందో లేదో ఫోన్‌లోనే అడగండి.

మొదటి రెండు నెలలు ఆస్పత్రి దగ్గరే గది తీసుకోండి. కీమో తర్వాత కాపలా కణాలు అడుగంటిన రోజుల్లో జ్వరం 100.4 దాటితే గంటలోపు యాంటీబయాటిక్ నరంలోకి వెళ్ళాలి. పారాసిటమాల్ వేసి తెల్లారేదాకా చూద్దామనుకునే జ్వరం కాదది. ఇంటికొచ్చాక దోమతెర తప్పదు. జ్వరం వస్తే మలేరియా కిట్టు వేయండి, కానీ దాని ఫలితం కోసం ఆస్పత్రి ప్రయాణం ఆపకండి. రక్తం, ప్లేట్‌లెట్లు బోలెడు కావాలి, మీ స్నేహితుల్ని ఇప్పటినుంచే కూడగట్టండి. అమ్మానాన్నల రక్తం, చెల్లెలి రక్తం నేరుగా పిల్లాడికి ఎక్కించనివ్వకండి. రేపెప్పుడైనా మూలకణాల మార్పిడి అవసరమైతే వాళ్ళే దాతలు కావొచ్చు, ముందే వాళ్ళ రక్తం అలవాటైతే ఒళ్ళు తిప్పికొడుతుంది. ఈ రకానికి ఎక్కువమంది పిల్లలకి ఆ అవసరమే రాదులెండి. వాట్సాప్‌లో తిరిగే కార్-టి చికిత్స (రోగి సొంత తెల్లకణాల్నే మార్చి జబ్బు మీదికి పంపేది) గురించి కూడా ఎవరో ఒకరు చెప్తారు. 2023లో మన దేశపుదానికి అనుమతి వచ్చిన మాట నిజమే. అది 15 ఏళ్ళు దాటినవాళ్ళకి, అదీ జబ్బు తిరగబెట్టినప్పుడు. మీరిప్పుడు దాని గురించి తల పాడుచేసుకోకండి.

బయలుదేరే ముందు ల్యాబుకి వెళ్ళి రిపోర్టుతోపాటు ఆ స్లైడు కూడా అడగండి. రంగు వేసినదొకటి, వేయనిది ఇంకొకటి ఉంటే ఇంకా మంచిది. ఇవ్వకపోతే నా మాటగా చెప్పండి, పాథాలజీ వాళ్ళు కాదనరు. పాత కళ్ళజోడు డబ్బాలో అటూ ఇటూ దూది పెట్టి, చేతి సంచిలోనే ఉంచుకోండి. బట్టల పెట్టె అడుగున పెడితే అక్కడికి చేరేసరికి గాజు పెంకులే మిగులుతాయి.